మా రోజుల్లో మోసగాడికి రాజ్యాంగం తెలిసేది కాదు

మా రోజుల్లో దొంగ తూకం తూచే కొట్టువాడు, తూనికలు కొలతల ఇన్‌స్పెక్టరు సందు మొగలో కనబడితే చాలు, గబగబా తలుపులు మూసేవాడు. తప్పు చేశానన్న సంగతి వాడికి తెలుసు. ఇప్పుడో? ఇడ్లీ బిల్లు కింద సర్వీసు చార్జీ తగిలించి, అదేమిటయ్యా అంటే, 19వ అధికరణం కింద వ్యాపారం నా ప్రాథమిక హక్కు అంటున్నారు. రెండిడ్లీ తిన్న పాపానికి రాజ్యాంగం వినాలి!

నేను ఊరికే అనడం లేదు. అడక్కుండా సర్వీసు చార్జీ వెయ్యకండి అని 2022 జులై 4న కేంద్ర వినియోగదారుల రక్షణ సంస్థ చెప్పింది. రెస్టారెంట్ల సంఘాలు రెండు ఢిల్లీ హైకోర్టుకు పరుగెత్తాయి. ఇలా శాసించే అధికారం మీకెక్కడిది అన్నాయి. పదహారు రోజుల్లో స్టే. ఆ చార్జీ బలవంతంగా గుంజడం కుదరదని, ఆ సంస్థ ఉత్త సలహాల సంస్థ కాదని, చెరో లక్ష ఖర్చులు కట్టమని తీర్పు వచ్చేసరికి 2025 మార్చి 28. ఊరుకున్నారా? డివిజన్ బెంచ్‌కి వెళ్లారు.

ఇలా సణుగుతుంటే, లా చదివే మా మనవడు పుస్తకంలోంచి తలెత్తాడు. "మీ రోజుల్లో మాత్రం తక్కువా తాతయ్యా? డాక్టర్లనూ వినియోగదారుల రక్షణ చట్టంలోకి లాగితే 14, 19 అధికరణాలకు దెబ్బ అని సుప్రీంకోర్టులో వాదించలేదూ? 1995లో కదా తేలింది?" అన్నాడు. అక్కడితో ఆగితే బాగుండేది. బెంగళూరు విశ్వభారతి హౌసింగ్ సొసైటీ కేసు కూడా తీశాడు. ఉన్న సివిల్ కోర్టులు చాలక వాటి పక్కన పార్లమెంటు ఇంకో కోర్టు పెట్టడమేమిటి, వినియోగదారుల ఫోరానికి జైల్లో వేసే అధికారమేమిటి అన్న వాదన అది. ఫోరాలు సివిల్ కోర్టులకు అదనమే గాని బదులు కావు, ఆ అధికారాలు చెల్లుతాయి అని 2003 జనవరిలో సుప్రీంకోర్టు కొట్టిపారేసింది.

కుర్రాడు చెప్పింది నిజమే. అందుకే ఇంకా ఒళ్లు మండింది.

ఎందుకంటే నన్ను ముంచింది ఆ వాదనలు చేసినవాళ్లెవరూ కారు. చట్టం కోరలు గట్టివేనని కోర్టు చెప్పింది జనవరిలో. ఆ మార్చి 15నే సవరణ అమల్లోకొచ్చింది. అప్పటిదాకా ఫోరం ఉత్తర్వును సివిల్ డిక్రీలాగే అమలు చేయించుకునేవాళ్లం. సవరణ రాసిన మహానుభావుడెవరో గాని, 25వ సెక్షన్‌లో ఆస్తి జప్తుకు 'మధ్యంతర ఉత్తర్వు' అని రాసిపెట్టాడు. మరి తుది ఉత్తర్వో? ఆ మాటే లేదు! బాకీ డబ్బయితే కలెక్టరు వసూలు చేసిపెడతాడు. నాకు కావలసింది డబ్బు కాదే, వాయిదాల మీద కొన్న స్థలానికి రిజిస్ట్రేషన్.

2007లో ఆ స్థలం అమ్మినవాడి మీద ఫోరంలో గెలిచాను. గెలిచిన రోజు స్వీట్లు కూడా పంచాను, ఆ డబ్బులూ దండగే. ఉత్తర్వు అమలు చేయించమని ఈపీ (ఎగ్జిక్యూషన్ పిటిషన్) వేస్తే అవతలి ప్లీడరు లేచి, ఇది తుది ఉత్తర్వు కదండీ, సెక్షన్‌లో మధ్యంతరమనే ఉంది కదండీ అన్నాడు. ఎంత వినయమో! 27వ సెక్షన్ కింద వెళ్తే నెల నుంచి మూడేళ్ల జైలు, లేదా రెండు వేల నుంచి పది వేల జరిమానా. స్థలం అమ్మినవాడికి జరిమానా పడింది. పొగాకు కాడ కొన్నంత తేలిగ్గా కట్టి, స్కూటరెక్కి వెళ్లిపోయాడు. స్థలం అలాగే ఉంది, తుమ్మచెట్లు మాత్రం పెరిగాయి.

2019 కొత్త చట్టం 2020 జులైలో అమల్లోకొచ్చాక ఆ తప్పు దిద్దారు. అయితే మధ్యలో పదిహేడేళ్లలో గెలిచినవాళ్ల మాటేమిటి? 2025 ఆగస్టులో పుణె ఫ్లాట్లవాళ్ల కేసులో సుప్రీంకోర్టు చెప్పింది, పాత 25వ సెక్షన్‌లో 'ఏ ఉత్తర్వయినా' అని చదువుకోండి అని. మిగిలిపోయిన ఈపీలు త్వరగా తేల్చమని కూడా చెప్పింది.

నిన్న మనవడు కొత్త అఫిడవిట్ టైపు చేసి తెచ్చాడు. సంతకం పెట్టాను. చెయ్యి వణికి అక్షరాలు అటూ ఇటూ పోయాయి. వాడు 2007 కాగితం పక్కన పెట్టి చూసి, "ఇది మీ సంతకమేనని వాళ్లు ఒప్పుకోరేమో తాతయ్యా" అన్నాడు.