పొరపాటు నొక్కుల శాస్త్రం

గేమింగ్ కీబోర్డు మీద వేలు నొక్కినా మనసు నొక్కని మీటను, అనగా ఆటగాడి సంకల్పంతో నిమిత్తం లేకుండా కిందికి దిగిపోయిన కీని, పొరపాటు నొక్కు అనవచ్చు. నిర్వచనం సులువుగానే కనిపించినా అందులో ఒక చిక్కు ఉంది. కీబోర్డుకు వేలు తెలుసు గాని మనసు తెలియదు. కౌంటర్ స్ట్రైక్ ఆటలో ఎఫ్ నొక్కితే చేతిలోని తుపాకీని ముచ్చటగా తిప్పి చూసుకోవచ్చు, దాని పక్కనే ఉన్న జి నొక్కితే అదే తుపాకీ నేల మీద పడుతుంది. ముచ్చట తీర్చుకోబోయి, శత్రువు ఎదురుపడిన క్షణంలో ఉన్న ఒక్క ఆయుధాన్నీ జారవిడిచినవాడికీ, కావాలనే జి నొక్కి తోటివాడికి తుపాకీ దానం చేసిన కర్ణుడికీ కీబోర్డు దృష్టిలో ఎలాంటి భేదమూ లేదు. ఈ సమదృష్టి వేదాంతంలో గొప్ప గుణమే కాని, ఆటలో మాత్రం రౌండు పోగొడుతుంది.

ఈ పొరపాట్లలో అధికభాగానికి మూలం ఎడమచేయి కాపురమున్న చోటులో ఉంది. పాత్ర కళ్లతోనే ఆటగాడు లోకాన్ని చూసే తుపాకీ ఆటలలో కుడిచేయి మౌసును పట్టుకుంటే, ఎడమచేయి డబ్ల్యూ, ఎ, ఎస్, డి అనే నాలుగు మీటల మీద నిలిచి పాత్రను నాలుగు దిక్కులకూ నడిపిస్తుంది. తొలిరోజులలో చాలామంది ఇందుకు బాణపు గుర్తుల మీటలనే వాడేవారు. 1997లో క్వేక్ ఆటకు జరిగిన రెడ్ యానిహిలేషన్ పోటీలో నెగ్గి, ఆ ఆట సృష్టికర్తలలో ఒకరైన జాన్ కార్మాక్ సొంత ఫెరారీ కారునే బహుమతిగా తీసుకుపోయిన, థ్రెష్ అనే మారుపేరుతో ప్రసిద్ధుడైన డెనిస్ ఫాంగ్ ఈ నాలుగు అక్షరాల పద్ధతికి పేరు తెచ్చాడు. మరుసటి ఏడాది వచ్చిన హాఫ్ లైఫ్ ఆట దీన్నే ముందుగా అమర్చి ఇచ్చింది. ఫెరారీ గెలిచినవాడి వేళ్లు ఎక్కడుంటే లోకం వేళ్లూ అక్కడికే చేరడం సహజం గాని, ఇల్లు మారేముందు ఇరుగుపొరుగు ఎలాంటివారో ఎవరూ వాకబు చేసినట్టు లేదు. చిటికెనవేలికి ట్యాబ్, క్యాప్స్ లాక్, షిఫ్ట్, కంట్రోల్ పొరుగువారు. బొటనవేలికి ఆల్ట్, విండోస్ మీటలు పొరుగువారు. అక్షరాలు రాయడానికి కాక ఆజ్ఞలివ్వడానికి పుట్టిన మీటలన్నీ ఆ మూలనే చేరాయి. వీటిలో చాలావరకు విడివిడిగా సాధువులే, ఇద్దరు కలిస్తేనే కుట్ర. పరుగెత్తడానికి షిఫ్ట్ పట్టుకుని, స్కోరు చూడటానికి ట్యాబ్ తాకితే స్టీమ్ అనే ఆటల అంగడి తన తెరను ఆట మీద పరుస్తుంది. వంగి నడవడానికి కంట్రోల్ పట్టుకుని, ముందుకు సాగడానికి డబ్ల్యూ నొక్కితే, బ్రౌజర్‌లో ఆడే ఆటలలో ఆట ఉన్న ట్యాబే మూసుకుపోతుంది. శత్రువు కంట పడకూడదన్న ఆటగాడి కోరికను ఇంత సంపూర్ణంగా తీర్చిన ఏర్పాటు మరొకటి లేదు.

అయినా ఒంటరిగానే సర్వనాశనం చేయగల ఘనత విండోస్ మీటకే దక్కుతుంది. 1994లో మైక్రోసాఫ్ట్ తన నేచురల్ కీబోర్డుతో తీసుకువచ్చి, ఆ తరువాత విండోస్ 95లో స్టార్ట్ మెనూ తెరిచే ఉద్యోగంలో నియమించిన ఈ మీట, ఎడమవైపు కంట్రోల్‌కూ ఆల్ట్‌కూ నడుమ స్థిరపడింది. ఉత్తరాలు టైపు చేసుకునే గుమాస్తాకు దానివల్ల హాని లేదు. ఆటగాడికి మాత్రం ఉప్పు డబ్బాకూ కారం డబ్బాకూ మధ్య ఎలుకల మందు డబ్బా సర్దినట్టయింది. తెర నిండా పరచుకున్న యుద్ధం ఉన్నట్టుండి ముడుచుకుపోయి, ఆ స్థానంలో మెనూ ప్రత్యక్షమై, క్యాలిక్యులేటర్ కావాలా వాతావరణ సమాచారం కావాలా అని వినయంగా విచారిస్తూ ఉంటే, అవతల పాత్ర గోడవైపు చూస్తూ కదలక మెదలక నిలబడి, ఆ ఊళ్లో ఎవరు ముందుగా చూస్తే వారి చేతిలో హతమవుతుంది.

దీనికి ఆటగాళ్లు కనిపెట్టిన తొలి చికిత్స శస్త్రచికిత్సే. మీట పైనున్న ప్లాస్టిక్ టోపీని, అంటే కీక్యాప్‌ను, ఊడబెరికి సొరుగులో పడేసేవారు. పళ్లు రాలిన నోరులా కనిపించినా కీబోర్డు ప్రశాంతంగా ఉండేది. తరువాత తయారీదారులే దయతలచి, ఆట ఆడుతున్నంతసేపు విండోస్ మీటను నిద్రపుచ్చే ఏర్పాటు చేశారు. లాజిటెక్ 2005లో విడుదల చేసిన జి15 కీబోర్డు మీద ఇందుకు ఒక స్విచ్చే ఉండేది. ఇప్పుడు ఎఫ్ఎన్ అనే మీటతో కలిపి విండోస్ మీటను నొక్కితే పలు కీబోర్డులలో గేమ్ మోడ్ మేలుకుంటుంది. కొన్నిటిలో ఆల్ట్ ట్యాబ్, ఆల్ట్ ఎఫ్4 జంటలను కూడా కట్టిపడేయవచ్చు. ఆటను ముడిచే జంట మొదటిదైతే, ఆటనే మూసేసే జంట రెండవది. ఇంత మంచి మందుకూ ఒక వికారం లేకపోలేదు. ఆట ముగిశాక గేమ్ మోడ్ సంగతి మరిచిపోయిన ఆటగాడు, మర్నాడు స్టార్ట్ మెనూ కోసం అదే మీటను ఎంత నొక్కినా పలకకపోవడంతో కీబోర్డు చెడిపోయిందని నిర్ణయించుకుని, డ్రైవర్లు తీసి మళ్లీ వేసి, విండోస్‌ను సైతం కొత్తగా ఎక్కించి, చివరకు దుకాణానికి మోసుకుపోతాడు. అక్కడి కుర్రవాడు రెండు వేళ్లతో రెండు మీటలు తాకి బాగుచేసి ఇచ్చినప్పుడు, అతని ముఖంలోని మర్యాద చూడదగినది.

షిఫ్ట్ మీట కథ కొంత భిన్నమైనది, కొంత జాగ్రత్తగా చెప్పవలసినది. దాన్ని వరసగా ఐదుసార్లు నొక్కితే విండోస్ ఒక కూత వేసి, స్టికీ కీస్ కావాలా అని అడుగుతుంది. రెండు మీటలను ఒకేసారి పట్టి ఉంచలేనివారు ఒకదాని తరువాత ఒకటిగా నొక్కినా కలిపి నొక్కినట్టే లెక్కించే సదుపాయం అది. అమెరికాలోని విస్కాన్సిన్ విశ్వవిద్యాలయపు ట్రేస్ సెంటర్ విండోస్ కోసం చేసిన కృషి నుంచి వచ్చి, విండోస్ 95లో అంతర్భాగమైంది. కుడి షిఫ్ట్‌ను ఎనిమిది సెకన్లు అదిమి ఉంచితే ఫిల్టర్ కీస్ అనే మరో సహాయం వస్తుంది. ఈ సదుపాయాలు అవసరమైనవారికి అమూల్యమైనవి గనుక వాటిని శపించడం అన్యాయం. తలుపు బాదినట్టు షిఫ్ట్‌ను బాదుతున్న ఆటగాడిని చూసి, పాపం ఇతనికేదో ఇబ్బంది ఉన్నదని కంప్యూటర్ అనుకోవడంలో తప్పు కంప్యూటర్‌ది కాదు. సెట్టింగులలో సదుపాయాన్ని ఉంచుకుంటూనే ఐదు నొక్కుల దగ్గరిదారిని మాత్రం మూసివేయవచ్చు.

తెలుగు ఆటగాడికి అదనంగా మరో గండం ఉంది. కంప్యూటర్‌లో ఇంగ్లీషుతో పాటు తెలుగునూ చేర్చుకున్నవారికి, దగ్గరిదారి తెరిచి ఉంటే, ఎడమవైపు ఆల్ట్, షిఫ్ట్ కలిసి నొక్కుడుపడగానే భాష మారిపోతుంది. చాలా భారతీయ భాషలకు ఒకే పద్ధతిగా రూపొందిన ఇన్‌స్క్రిప్ట్ అమరికలో డబ్ల్యూ చోట ఐత్వం, ఎ చోట ఓత్వం, ఎస్ చోట ఏత్వం, డి చోట పొల్లు కూర్చున్నాయి. హల్లు ఆసరా లేనిదే నిలబడలేని గుర్తులు నాలుగూ కలిసి ఒక సైనికుడిని యుద్ధభూమిలో నడిపించవలసి వస్తుందన్న మాట. మీట ఉన్న చోటును మాత్రమే చూసే ఆటలు ఈ మార్పును పట్టించుకోవు. అక్షరాన్ని చూసేవి పాత్రను నిలబెట్టేస్తాయి. అప్పుడు సాయం కోసం తోటివారికి హెల్ప్ అని రాయబోతే తెర మీద పాతజ అని పడుతుంది. ఆ పదం ఏ నిఘంటువులోదో విచారించే తీరిక జట్టులో ఎవరికీ ఉండదు.

పొరపాటు నొక్కును ముందే ఊహించి నివారించిన ఘట్టాలు కంప్యూటర్ చరిత్రలో తక్కువ గాని, ఉన్నవాటిలో ఒకటి ప్రాతఃస్మరణీయం. 1981లో వెలువడిన ఐబీఎం పీసీని నిర్మించిన ఇంజినీర్లలో ఒకరైన డేవిడ్ బ్రాడ్లీ, యంత్రాన్ని మొదటి నుంచి మళ్లీ నడిపించడానికి తొలుత కంట్రోల్, ఆల్ట్, ఎస్కేప్ మీటలను ఎంచుకున్నాడు. మూడూ ఎడమవైపే ఉండటంతో, కీబోర్డుకు ఆ పక్కన ఏ మోచేయి తగిలినా చేసిన పనంతా తుడిచిపెట్టుకుపోయే ప్రమాదం కనిపించింది. సహోద్యోగి సూచనపై ఎస్కేప్ స్థానంలో కుడివైపు దూరాన ఉన్న డిలీట్‌ను పెట్టారు. రెండు చేతులూ కూడబలుక్కుంటే తప్ప జరగని పని పొరపాటున జరగదు. తరువాతి కాలపు గేమింగ్ కీబోర్డు నిర్మాతలు ఈ సూత్రాన్ని చదివారో లేదో చెప్పలేము గాని, పాటించినవారు మాత్రం అరుదు.

నొక్కు తీరును బట్టి నొక్కినదెవరో పసిగట్టే ప్రయత్నమూ జరిగింది. అమెరికాలోని అరిజోనాకు చెందిన క్రిస్ నిస్వాండర్ రూపొందించిన పాసెన్స్ అనే సాఫ్ట్‌వేర్, కీబోర్డు మీద పిల్లి నడుస్తున్నదని గుర్తించగానే మీటలకు తాళం వేసి, పిల్లికి గిట్టని శబ్దం చేస్తుంది. నవ్వించి ఆపైన ఆలోచింపజేసే పరిశోధనలకిచ్చే ఇగ్ నోబెల్ బహుమతి 2000లో కంప్యూటర్ విభాగంలో దీనికే దక్కింది. పిల్లి పాదం పక్కపక్కనున్న పలు మీటలను ఒకేసారి అణచివేస్తుందన్నదే దీనికి ఆధారం. ఓడిపోతున్న ఆటగాడి ఎడమచేయి చేసే పనీ ఇంచుమించు ఇదే గనుక, ఆ పరీక్షకు నిలబడి మనిషినని రుజువు చేసుకోవడం కొందరికి కష్టమే కావచ్చు.

ఇక మీటలోని స్ప్రింగు దగ్గరకు వస్తే అసలు వైరుధ్యం బయటపడుతుంది. జర్మనీకి చెందిన చెర్రీ సంస్థ ఎంఎక్స్ రెడ్ స్విచ్చి రెండు మిల్లీమీటర్లు దిగాక నొక్కుగా నమోదవుతుంది. అందుకు కావలసిన బలం 45 సెంటీన్యూటన్లు, అంటే దాదాపు పది రూపాయల నాణేలు ఆరింటి బరువు. ఎంఎక్స్ బ్లాక్‌కు 60 కావాలి, మరో రెండు నాణేలు చేర్చాలి. స్పీడ్ సిల్వర్ రకంలో బలం మారదు గాని దూరం 1.2 మిల్లీమీటర్లకు తగ్గుతుంది. వేగం కావాలని ఈ చివరిదాన్ని అధిక ధర పెట్టి కొనుక్కున్నవాడే, వేలు ఆనిస్తే చాలు మీట పలుకుతున్నదని వాపోతాడు. ఊపిరి సోకితే దిగిపోయే మీటలను వెతికి తెచ్చుకుని, అవి ఊపిరికే దిగిపోతున్నాయని ఫిర్యాదు చేయడం కొనుగోలుదారుల చరిత్రలో కొత్తేమీ కాదు. లోహపు స్పర్శతో పనిచేసే స్విచ్చులలో మనిషి తప్పు లేని పొరపాటు కూడా ఒకటుంది: లోహపు రేకులు కలిసినప్పుడు కొన్ని మిల్లీసెకన్లపాటు అదిరి, ఒక నొక్కును పలు నొక్కులుగా చూపుతాయి. ఆ అదురు సద్దుమణిగేదాకా కీబోర్డు ఆగడాన్ని డీబౌన్స్ అంటారు. ఆ ఆగడం కూడా ఆలస్యమేనని తగ్గించేవారికి ఒక అక్షరం రెండుగా పడటం ప్రతిఫలంగా దక్కుతుంది.

ఇటీవల ప్రబలిన అయస్కాంత మీటలలో లోహపు స్పర్శ ఉండదు గనుక ఆ అదురు లేదు. 1879లో ఎడ్విన్ హాల్ కనుగొన్న ప్రభావం ఆధారంగా, మీట అడుగునున్న అయస్కాంతం ఎంత దగ్గరకు వచ్చిందో సెన్సర్ కొలుస్తుంది కాబట్టి, ఎక్కడ నొక్కుగా లెక్కించాలో ఆటగాడే నిర్ణయించుకోవచ్చు. నెదర్లాండ్స్‌కు చెందిన వూటింగ్ సంస్థ కీబోర్డులతో ప్రసిద్ధమైన ఈ పద్ధతిలో ఆ హద్దును 0.1 మిల్లీమీటరు దాకా తగ్గించవచ్చు. స్వాతంత్ర్యం లభించగానే అన్ని మీటలనూ 0.1కి దించేసి, బల్ల కదిలితే తుపాకీ పేలిందని అనుకునేవారే ఎక్కువ. వివేకం మరోచోట ఉంది. నడిపించే నాలుగు మీటలను పైపైన ఉంచి, తుపాకీ పడేసేదాన్నీ, ఒకసారి వాడితే మళ్లీ ఐదు నిమిషాలకు గాని చేతికి రాని లీగ్ ఆఫ్ లెజెండ్స్ ఆటలోని ఫ్లాష్ వంటి విద్యల మీటలనూ రెండు, మూడు మిల్లీమీటర్ల లోతుకు దించాలి. బ్రాడ్లీ డిలీట్‌ను దూరాన పెట్టాడు, ఇక్కడ అదే దూరం కిందికి దొరుకుతుంది. గేమింగ్ కీబోర్డు మీద వెచ్చించే సొమ్ముకు న్యాయం చేసే సదుపాయం నిజానికి ఇదొక్కటే. రంగురంగుల దీపాల వల్ల పొరపాటున ఏ మీట నొక్కారో స్పష్టంగా కనిపిస్తుంది, అంతే.

నివారణ మితిమీరితే ఏమవుతుందో 2024లో తేలింది. ఎడమకు కదులుతున్న పాత్రను తటాలున ఆపడానికి ఎ వదిలి డి తాకాలి; ఆ వదలడంలో రవ్వంత ఆలస్యమై రెండూ కలిసి నొక్కుడుపడితే అదొక పొరపాటు నొక్కు. రేజర్ సంస్థ స్నాప్ ట్యాప్ పేరుతో దీన్ని కీబోర్డులోనే సరిదిద్దింది: రెండూ కిందనే ఉన్నా చివరిగా నొక్కినదే లెక్క. వేలు చేసిన తప్పును మీటే మన్నించే ఈ వైభవం ఎక్కువకాలం సాగలేదు. ఆ చాకచక్యం ఆటగాడి వేళ్లలోనే ఉండాలని తలచిన వాల్వ్ సంస్థ, కౌంటర్ స్ట్రైక్ 2 అధికారిక సర్వర్లలో ఇలాంటి సహాయం వాడుతున్నట్టు కనిపెడితే ఆ ఆటగాడిని మ్యాచ్ నుంచి గెంటేయడం అదే ఏడాది ఆగస్టులో మొదలుపెట్టింది. దానితో ఆ ఆటకు ముందు స్నాప్ ట్యాప్‌ను ఆపేసుకోవడం తప్పనిసరైంది. ఆపడానికీ పెట్టడానికీ కొన్ని కీబోర్డులలో ఎఫ్ఎన్ మీటతో కలిపి మరో మీట నొక్కితే చాలు, సాఫ్ట్‌వేర్ తెరవనక్కరలేదు. ఆ రెండూ ఆట మధ్యలో పొరపాటున నొక్కుడుపడినప్పుడు, బయటికి గెంటించుకున్న ఆటగాడు ఎవరి మీద ఫిర్యాదు చేయాలో నిబంధనలలో ఎక్కడా రాసి లేదు.