సత్ప్రవర్తనకు కనీస అర్హతలు

చిన్నపాటి నేరం చేసినవాడిని జైలుకు పంపకుండా, బుద్ధిగా మెలుగుతానని బాండు రాయించుకొని, కొంతకాలం ఒక అధికారి కనుసన్నల్లో ఉంచి సంస్కరించే పద్ధతిని ప్రొబేషన్ అంటారు. 1841లో బోస్టన్ నగరంలో జాన్ అగస్టస్ అనే బూట్ల వ్యాపారి ఒక తాగుబోతుకు పూచీపడి కోర్టు నుంచి విడిపించుకొని పోవడంతో మొదలైన ఈ ఆలోచన, మన దేశంలో 1958 నాటి నేరస్థుల ప్రొబేషన్ చట్టంగా స్థిరపడింది. ఆ చట్టం మూడో సెక్షన్ ఎంత ఉదారమైనదంటే, అంతకుముందు శిక్ష పడని వ్యక్తి దొంగతనమో మోసమో చేసినట్లు రుజువైనా, పరిస్థితులను బట్టి కోర్టు అతడిని మందలించి ఇంటికి పంపవచ్చు. ఆ మోసం మరేదో కాదు, తెలుగునాట తిట్టుగా స్థిరపడిన పాత శిక్షాస్మృతిలోని ఫోర్ ట్వంటీయే. ఏడేళ్ల దాకా జైలు పడదగిన ఫోర్ ట్వంటీని ఒక్క చీవాటుతో వదిలిపెట్టగల దేశం కఠినమైనదని ఎవరూ నిందించలేరు.

అయితే ఉదారతకు కూడా అర్హతలు ఉంటాయి. బాండుపై విడుదల చేసే నాలుగో సెక్షన్ ప్రకారం నేరస్థుడికో, పూచీదారుడికో స్థిరనివాసమైనా క్రమమైన వృత్తి అయినా ఉన్నదని కోర్టు తృప్తి పడాలి. వంతెన కింద పడుకొని, పని దొరికిన రోజు కూలికి పోయి, దొరకని రోజు కిరాణాకొట్లో నూనె ప్యాకెట్టు సంచిలో వేసుకొన్న మనిషికి ఈ రెండూ లేవు. ఉంటే ఆ ప్యాకెట్టు జోలికే పోయేవాడు కాడు. క్రమమైన వృత్తి ఉన్నదని రుజువు చేసుకోవాలంటే అతడు చూపగలిగింది పోలీసు స్టేషన్ రికార్డు ఒక్కటే, కాని అది చూపిస్తే మందలింపుకు కావలసిన తొలి నేరమనే అర్హత పోతుంది. పూచీకి వచ్చేవాడు ఇంటిపన్ను రసీదు పట్టుకొని రావాలి, ఇంటిపన్ను కట్టే బంధువులు ఉన్నవాడు నూనె ప్యాకెట్టు కేసులో సాధారణంగా ఇరుక్కోడు. కోర్టు కోరితే ప్రొబేషన్ అధికారి అతడి పేటకు వెళ్లి ఇరుగుపొరుగును విచారించి నివేదిక ఇస్తాడు, ఆ విచారణలో పక్కింటావిడ “మంచోడే సార్, మా ఇంట్లో అయితే ఏం పోలేదు” అన్న మాట ఫైలులోకి ఎక్కేసరికి “స్థానికంగా వ్యతిరేకత లేదు” అనే పరిపాలనా సత్యంగా మారుతుంది.

ఈ నివేదికలన్నీ నేరం రుజువైన తరువాతి ముచ్చట కావడమే అసలు చిక్కు. జాతీయ నేర గణాంకాల సంస్థ లెక్కల ప్రకారం 2022 చివరికి దేశంలోని జైళ్లలో 5,73,220 మంది ఉంటే అందులో 4,34,302 మంది విచారణ ఖైదీలే, అంటే నూటికి డెబ్బై అయిదుగురికి పైగా ఇంకా నేరం రుజువు కానివారు. బెయిలు వచ్చినా జామీనుదారుడు దొరకని చిల్లర దొంగ వాయిదాల మీద వాయిదాలు చూసి, చివరికి దోషిగా తేలిన రోజున ప్రొబేషన్ పొందితే, అది చేతులు కాలాక అందిన ఆకు. నేరం రుజువయ్యేదాకా జైల్లో ఉంచి, రుజువయ్యాక ఇంటికి పంపే ఈ ఏర్పాటులో నిర్దోషిత్వానికి దక్కిన గౌరవం గురించి న్యాయశాస్త్ర విద్యార్థులు సావకాశంగా ఆలోచించవచ్చు. 2024 జులై 1న అమలులోకి వచ్చిన భారతీయ న్యాయ సంహిత, 5,000 రూపాయల లోపు దొంగతనాన్ని తొలిసారి చేసినవాడు సొత్తు తిరిగి ఇచ్చేస్తే సమాజసేవను శిక్షగా విధించమన్నది. నిందితుడు అప్పటికే జైలు వంటశాలలో కొంత సేవ చేసి ఉండవచ్చునన్న సంగతిని మాత్రం అది ముట్టుకోలేదు.

పన్నుల విషయంలో చట్టం మరింత జాగ్రత్తపడింది. సామాజిక ఆర్థిక నేరాలకు ప్రొబేషన్ పనికిరాదని లా కమిషన్ 1972లో తన 47వ నివేదికలో సూచించాక, కస్టమ్స్, ఎక్సైజ్, ఆదాయపు పన్ను చట్టాల్లో వరుసగా ఆ తలుపు మూసేశారు, పద్దెనిమిదేళ్లు నిండనివారికి మాత్రం సందు వదిలారు. మూతి మీద నూనూగు మీసమైనా రాని పన్ను ఎగవేతదారుడు పశ్చాత్తాపంతో కోర్టుకు వస్తే అతడికి ఈ దేశంలో నేటికీ రక్షణ ఉంది. పెద్దవాళ్ల సంగతికి వస్తే వారికి ప్రొబేషన్ అవసరమే లేదు, ఎందుకంటే శాఖ ఒప్పుకొంటే రుసుము చెల్లించి కేసు ముగించుకొనే కాంపౌండింగ్ అనే రాజమార్గం వారికోసం విశాలంగా తెరిచే ఉంది. ఇక వక్కపొడిలో సాకరిన్, సైక్లమేట్ కలిపి అమ్మిన వ్యాపారికి 1974లో ప్రొబేషన్ నిరాకరించినవారు ఖైదీల పట్ల దయకు పేరుపొందిన జస్టిస్ వి.ఆర్. కృష్ణయ్యరే. తినేవాడికి తెలియకుండా వాడి కడుపుతో చేసే వ్యాపారం చిన్న నేరం కాదని ఆ తీర్పు గుర్తించింది, అందులో వెక్కిరించడానికి ఏమీ లేదు.

నేరం పెరిగేకొద్దీ చట్టం భాష మెత్తబడటం గమనించదగినది. పరారీలో ఉన్న ఆర్థిక నేరస్థుడనే బిరుదు పొందాలంటే, 2018 చట్టం ప్రకారం నేరం విలువ కనీసం 100 కోట్ల రూపాయలు ఉండాలి, 99 కోట్లతో ఊరు దాటినవాడు ఆ గౌరవానికి ఇంకా ఎదగలేదన్నమాట. చెల్లించే స్తోమత ఉండి కూడా అప్పు ఎగ్గొట్టిన ఉద్దేశపూర్వక ఎగవేతదారులతో బ్యాంకులు రాజీ కుదుర్చుకోవచ్చునని రిజర్వు బ్యాంకు 2023 జూన్ 8న తెలిపింది, ఆ తరువాత వారికి మళ్లీ అప్పు ఇవ్వాలంటే కనీసం పన్నెండు నెలలు ఆగాలన్నది. అంటే కోట్ల ఎగవేతకు ఏడాది చాలు, నూనె ప్యాకెట్టు వాడి బాండు గడువు మాత్రం మూడేళ్ల దాకా సాగవచ్చు. రాజీ కుదిరినా క్రిమినల్ కేసులు ఆగవని రిజర్వు బ్యాంకు స్పష్టం చేసింది, అవి నిజంగానే ఆగలేదు, నడుస్తూనే ఉన్నాయి. అదే ఏడాది జన్ విశ్వాస్ చట్టం 42 కేంద్ర చట్టాల్లోని 183 నిబంధనల్లో జైలు భయాన్ని తొలగించడమో జరిమానాలుగా మార్చడమో చేసింది. అది చాలావరకు సబబే గాని, ఆ విశ్వాసంలో కొంత కిరాణాకొట్టు దాకా వచ్చి ఉంటే బాగుండేది.

మధ్యతరగతికి కాస్త ఊరట దక్కింది. రెండేళ్ల దాకా జైలు పడదగిన చెక్ బౌన్స్ కేసుల్లోనూ ప్రొబేషన్ వర్తిస్తుందని సుప్రీంకోర్టు 2025 సెప్టెంబరులో చెప్పింది. డబ్బు రావలసినవాడికి ఎదుటివాడు జైల్లో కూర్చోవడం వల్ల పైసా రాదని, ప్రొబేషన్ చట్టంలోని అయిదో సెక్షన్ కింద నష్టపరిహారం ఇప్పించి బయట ఉంచితే కనీసం వాయిదాల్లోనైనా వస్తుందని, ఈ దేశంలో ప్రతి వడ్డీ వ్యాపారికీ ముందునుంచీ తెలుసు.

ప్రొబేషన్ ఇవ్వదగిన కేసులో ఇవ్వకపోతే అందుకు ప్రత్యేక కారణాలు తీర్పులో రాయాలని భారతీయ నాగరిక సురక్షా సంహిత 402వ సెక్షన్ కోర్టులను ఆదేశిస్తున్నది. చిన్న కేసుల్లో వాదించే న్యాయవాదులు శిక్ష ఖరారు చేసే రోజున ఆ ఒక్క సెక్షన్‌ను నోరు తెరిచి అడగాలి, కారణం రాయని తీర్పుపై అప్పీలు వెయ్యాలి.