ముగ్గురు సభ్యుల దిగంబర సంఘం

శరీరం లావైనా, సన్నమైనా, ముడతలు పడినా దానిని సిగ్గుపడకుండా తనదిగా ఒప్పుకోవాలనే భావనను నేడు బాడీ పాజిటివిటీ అంటున్నారు; ఆ ఒప్పుకోలుకు దగ్గరి దారి కామోద్దేశం లేకుండా నలుగురి మధ్య బట్టలు విప్పి మెలగడమేనని నమ్మే జీవన విధానానికి నేచురిజం అని పేరు. ఈ ఉద్యమ చరిత్రను జర్మనీలో 1898లో ఎసెన్ నగరంలో ఏర్పడిన సంఘంతో మొదలుపెట్టడం పరిపాటి. అయితే అంతకు ఏడేళ్ల ముందే, 1891లో, బొంబాయి పక్కనున్న ఠాణేలో ఒక ఆంగ్లేయ జిల్లా జడ్జి ఇటువంటి సంఘాన్నే స్థాపించాడన్న సంగతికి దక్కవలసిన గౌరవం ఇంకా దక్కలేదు.

చార్లెస్ క్రాఫర్డ్ అనే ఆ జడ్జి పెట్టిన ‘ఫెలోషిప్ ఆఫ్ ది నేకెడ్ ట్రస్ట్’లో ఉన్నవారు ముగ్గురే: ఒకరు ఆయన, మిగిలిన ఇద్దరు ఒక క్రైస్తవ మతప్రచారకుడి కుమారులు. ఉన్నది ముగ్గురే అయినా ప్రకృతి జయించుగాక అనే అర్థం గల లాటిన్ నినాదం ఉండేది, నియమావళి కూడా ఉండేది. న్యాయమూర్తి నడిపే సంఘంలో బట్టలు లేకపోవచ్చు గాని నిబంధనలు లేకపోవడం జరగని పని. ఆ నిబంధనల ప్రకారం సభ్యులు ఒంటిమీద ఉంచుకోదగినవి ఉంగరాలు, కళ్లజోడు, కట్టుడుపళ్లు మాత్రమే. చెప్పుల ఊసే లేని ఈ జాబితాలో కళ్లజోడుకు హేతువు సులభంగానే దొరుకుతుంది, ఎందుకంటే వట్టికాళ్లతో నడిచేవారు ముల్లును దూరం నుంచే గుర్తుపట్టాలి. కాని దేహాన్ని ఉన్నదున్నట్లు స్వీకరించాలని బోధించిన సంఘం బోసినోటి దగ్గరికి వచ్చేసరికి వెనుకాడిందంటే, ఆత్మాంగీకారానికి కూడా చిగుళ్ల దగ్గర ఒక సరిహద్దు ఉందని ఊహించవలసి వస్తుంది.

ఆంగ్ల రచయిత ఎడ్వర్డ్ కార్పెంటర్‌కు క్రాఫర్డ్ రాసిన ఉత్తరాలలో బట్టలు విడవడానికి చెప్పిన కారణాలు సౌఖ్యానికీ, నీతికీ, సౌందర్యానికీ సంబంధించినవి. వీటిలో మొదటిదాన్ని కాదనడం కష్టం. ఎండదెబ్బకు భయపడి నెత్తిన సోలా టోపీ, కలరాకు భయపడి నడుముకు ‘కలరా బెల్ట్’ అనే ఉన్ని పట్టీ, వాటి నడుమ దొరతనానికి తగిన కోటు ధరించి కొంకణపు ఉక్కలో ఉడికిన వర్గానికి, ఇవన్నీ విప్పేస్తే హాయిగా ఉంటుందన్నది తాత్త్వికమైన ఆవిష్కరణగా తోచడంలో వింత లేదు. ఆ హాయిని గోచీ కట్టి పొలం దున్నే రైతుకు ఎవరూ లాటిన్‌లో బోధించలేదు. జైన దిగంబర ముని దేహంపై మమకారం వదలడానికి వస్త్రం వదిలితే, జడ్జిగారు దేహంపై మమకారం పెంచుకోవడానికే దానిని వదిలారు; ఇద్దరినీ ఒకే శీర్షిక కింద చేర్చే గ్రంథకర్త ఇరుపక్షాల ఆగ్రహానికీ సిద్ధపడాలి.

లండన్ గోల్డ్‌స్మిత్స్ కళాశాలకు చెందిన మనస్తత్వ శాస్త్రజ్ఞుడు కియాన్ వెస్ట్ 2018లో ప్రచురించిన అధ్యయనంలో, 849 మందిని పరిశీలించగా, నేచురిజంలో ఎక్కువగా పాల్గొనేవారికి తమ దేహంపై సదభిప్రాయమూ, దానితోపాటు జీవితంపై తృప్తీ ఎక్కువని తేలింది. సినిమా దేహాలనే చూసి అలవాటుపడిన కన్ను సాధారణ మనుషుల జారిన పొట్టలనూ, ఆపరేషన్ మచ్చలనూ చూశాక శాంతిస్తుందని నేచురిస్టులు దీనికి వివరణ ఇస్తారు. అంటే పక్కవాడి పొట్ట కనబడితే తప్ప తన పొట్టకు క్షమాభిక్ష దొరకదు. ఈ లెక్కన ఠాణేలో ఒక్కొక్కరికి చూసుకోవడానికి రెండేసి పొట్టలే మిగిలాయి. ఆ కొరత తీరకముందే క్రాఫర్డ్‌కు రత్నగిరికి బదిలీ అయింది. ప్రకృతి ఎంత జయించినా సర్కారీ కొలువు కనుక, ఆయన బట్టలు సర్దుకుని వెళ్లక తప్పలేదు.