పేదోళ్ల బొమ్మ, పెద్ద హుండీ

2025 నవంబరులో పైరసీ సినిమాల సైట్ ఐబొమ్మ నిర్వాహకుడంటూ ఒకరిని హైదరాబాద్ పోలీసులు కూకట్‌పల్లిలో పట్టుకున్నారు. అంతే! నల్లగొండ గడియారం సెంటర్‌లో, పాలమూరు న్యూటౌన్‌లో చాయ్ గ్లాసు పట్టుకున్నోళ్లంతా సంతాపసభ పెట్టిన్రు. ‘‘పాపం, పేదోళ్ల దేవుడే!’’ అట.

పోలీసులు చెప్పిన లెక్కన ఆ దేవుడి హుండీలో 50 లక్షల మంది భక్తుల వివరాలున్నాయి. ప్రసాదం కింద బెట్టింగ్ యాప్‌లు. సిరీస్ మూడో ఎపిసోడ్ కోసం నొక్కితే రమ్మీ తెరుచుకుంటది. దాన్ని మూసేలోపు ఇంకేదో ‘అప్‌డేట్’ అంటూ ఫోన్లో దిగుతది. ఓటీపీ ఎవరికీ చెప్పొద్దని ఊరందరికీ బుద్ధి చెప్పే పెద్దమనిషే, ముక్కూమొహం తెలియని ఏపీకే ఫైలు అడిగిన ప్రతిదానికీ ‘అలో’ నొక్కుతడు.

అట్లని తప్పంతా చూసేటోళ్లదేనా? సిరీస్‌కో యాప్, యాప్‌కో చందా. పైసలు కట్టినా కొన్నింట్లో నడుమ ప్రకటనలు. పెద్ద హీరో బొమ్మ వస్తే టికెట్ రేటు పెంచుకోమని సర్కారు జీవో. పాప్‌కార్న్ సంగతి ఎత్తకపోవడమే మంచిది. దొంగకు గిరాకీ ఎట్లొచ్చిందో మాత్రం ఏ ప్రెస్‌మీట్‌లోనూ తేలదు!

2023లో సవరించిన సినిమాటోగ్రాఫ్ చట్టంలో పైరసీకి 3 నెలల నుంచి 3 ఏళ్ల జైలు, కనీసం 3 లక్షల జరిమానా ఉన్నాయి. చట్టానికి భయపడకున్నా సరే, బ్యాంకు యాప్ ఉన్న ఫోన్లో దొంగ బొమ్మ చూడకుండ్రి. పైసలు పోతే వెంటనే సైబర్ నేరాల హెల్ప్‌లైన్ 1930కి కొట్టుండ్రి. ఏం చూస్తుంటే పోయినయో కూడా దాచకుండా చెప్పుండ్రి.