అత్తరు పెట్టెలోని కాగితానికి టీకా తాత్పర్యం

అవతారిక. చార్మినార్‌కూ పత్థర్‌గట్టీకీ నడుమ ఈమధ్య కొత్త భాష ఒకటి పుట్టింది. దాన్ని ఎవరూ మాట్లాడరు. మెరుపు అట్టపెట్టెలో, ఆరు మిల్లీలీటర్ల అత్తరు సీసా పక్కన, మడత పెట్టిన అరచేయంత కాగితం మీద మాత్రమే నివసిస్తుంది. ముక్కుకు చెందిన దాన్ని చెవికీ, చెవికి చెందిన దాన్ని చర్మానికీ అప్పగించడం దీని స్వభావం. ఇట్టి కావ్యానికి వ్యాఖ్య లేకపోవడం సారస్వతానికి లోటని తోచి, కోలాచల మల్లినాథసూరిని తలచుకొని మొదలుపెడుతున్నాను. ఆయన మన మెదక్ కొల్చారం వాడు. కాళిదాసుకూ భారవికీ మాఘుడికీ శ్రీహర్షుడికీ టీకలు రాస్తూ, ఆధారం లేనిది రాయననీ, అక్కర్లేనిది చెప్పననీ ఒట్టు పెట్టుకున్నాడు. మొదటి ఒట్టు నేనూ పెట్టుకుంటున్నాను. రెండోది నా వల్ల కాదు.

మూలము. "పై స్వరాన మెరిసే నారింజ గుసగుస, నడిమి స్వరాన వెల్వెట్ చీకటి, అడుగు స్వరాన చార్మినార్ సాయంత్రపు వెచ్చని మౌనం."

రెండు మూడు కాగితాలు పక్కపక్కన పెట్టి పరిష్కరించిన పాఠమిది. దుకాణాల పేర్లు అడగవద్దు. వెల్వెట్ ఉన్నచోట ఒక ప్రతిలో "పట్టు" అని పాఠాంతరం. అర్థంలో తేడా లేదు, ధరలో ఉంది.

ప్రతిపదార్థము. నారింజ, సాయంత్రం, చార్మినార్ — సులభం, విడిచాను. స్వరం అన్నచోట కొంచెం ఆగాలి. వాసనకు స్వరం కట్టింది మనవాళ్లు కారు. 19వ శతాబ్దపు ఇంగ్లండులో సెప్టిమస్ పియెస్ అనే పరిమళాల వ్యాపారి గంధాలన్నిటినీ సంగీతపు మెట్ల మీద వరుసగా కూర్చోబెట్టాడు. నేటి పరిమళ వ్యాపారం ఆ పద్ధతిలోనే మాట్లాడుతోంది. ఇందులో నిజం లేకపోలేదు. తేలికగా ఆవిరయ్యేవి ముందు ఎగిరిపోతాయి, బరువైనవి చర్మాన్ని పట్టుకొని ఉంటాయి. నారింజ వాసన కాసేపటికే పోతుంది, గంధమూ ఊదూ రాత్రిదాకా ఉంటాయి. ముందు, తర్వాత, చివర అంటే సరిపోయే ముచ్చట ఇది.

వెల్వెట్ చీకటి. ఇది కఠిన స్థలం. తర్కశాస్త్రం లేనిదే కదలదు.

అన్నంభట్టు తెలుగువాడు. ఆయన తర్కసంగ్రహం లెక్కలో రూపాలు ఏడు, రుచులు ఆరు, వాసనలు మాత్రం రెండే: సురభి, అసురభి. మంచి వాసన, చెడు వాసన, అంతే. పాపం, ఆయన పత్థర్‌గట్టీ వీధిలో నడవలేదు. స్పర్శలు మూడు: చల్లనిది, వేడిది, రెండూ కానిది. మరి మెత్తదనం ఎక్కడ? ఈ ప్రశ్న ఆయనకే తట్టింది. తన గ్రంథానికి తానే రాసుకున్న దీపికలో పూర్వపక్షంగా పెట్టుకొని మరీ జవాబిచ్చాడు. మెత్తదనం, గట్టిదనం వేరే గుణాలు కావు, వస్తువు అవయవాలు ఒకదానితో ఒకటి కలిసి ఉన్న తీరు మాత్రమే. ఇక చీకటి. దాన్ని ద్రవ్యమే అన్నారు భాట్ట మీమాంసకులు, నల్లగా కనబడుతోంది, కదులుతోంది కదా అని. నైయాయికులు ఒప్పుకోలేదు. చీకటంటే వెలుగు లేకపోవడమే, లేకపోవడానికి రంగేమిటి, నడకేమిటి అన్నారు. ఈ వాదం ఎన్ని శతాబ్దాలు నడిచిందో తలచుకుంటే నాకిప్పటికీ ముచ్చటేస్తుంది. ఒక దీపం ఆర్పితే చాలు, రెండు దర్శనాలు రాత్రంతా కొట్లాడుకోగలిగిన దేశం మనది.

ఏ పదం దగ్గరున్నాం? వెల్వెట్ దగ్గర. కనుక సిద్ధాంతం: వెల్వెట్ చీకటి అనగా, గుణమే కాని మెత్తదనం, వస్తువే కాని చీకటికి అంటుకొని ఉండుట. వెచ్చని మౌనం దీనికి తోబుట్టువు. మౌనం శబ్దాభావం, అభావానికి వేడి. అడుగు స్వరమే మౌనమైతే అది స్వరమెట్లా అయిందో వ్యాఖ్యాతకు అందలేదు. వెరసి మూడు పాదాల్లో రెండు అభావాలు. మిగిలిన నారింజ అయినా పండు తొక్కలోంచి వచ్చిందో, రసాయనశాలలోంచి వచ్చిందో కాగితం చెప్పదు. లేనివాటికి డబ్బు తీసుకుంటున్నారు, ఉన్నదేమిటో మాత్రం చెప్పరు!

ఆక్షేపము. కవులు ఇట్లా రాయరా? రాస్తారు. ఒకదాని ధర్మాన్ని మరొకదానిపై నిలపడాన్ని ఆలంకారికుడు దండి సమాధిగుణమన్నాడు, కావ్యానికి సర్వస్వమని మెచ్చుకున్నాడు. ఉమ్మడం, కక్కడం వంటి మాటలు కూడా గౌణంగా వాడితే అందమిస్తాయి, నేరుగా వాడితే మోటు అని హద్దు కూడా గీశాడు. దండి దాకా ఎందుకు? తియ్యని గొంతు, కమ్మని పాట, చల్లని చూపు, ఘాటు విమర్శ, పచ్చి అబద్ధం. మన ఇంట్లో పెద్దవాళ్లు రోజూ ఇంద్రియాలను కలిపేస్తూనే ఉన్నారు. కాని చల్లని చూపు అన్నప్పుడు ఎవరు ఎవర్ని ఎట్లా చూశారో తెలుస్తుంది. కాగితం చెప్పే చీకటిలో ఏమీ తెలియదు.

కల్పించిన భాష అంటే నాకు చులకన అనుకోకండి. చార్మినార్ 1591లో లేచింది. అంతకు ముందే, మన కవులు మల్కిభరాముడని పిలుచుకున్న ఇబ్రహీం కుతుబ్‌షా ఏలుబడిలో, పొన్నెగంటి తెలగన్న యయాతి చరిత్రము రాసి పటాన్‌చెరు అమీన్‌ఖాన్‌కు అంకితమిచ్చాడు. కావ్యమంతా అచ్చ తెనుగు. తత్సమం ఒక్కటి రాకూడదని నియమం. అట్లాంటి తెలుగు ఏ బజారులో ఎవరు మాట్లాడారు? ఎవరూ మాట్లాడలేదు. కల్పితమే. అయినా నియమం ఉంది, నియమానికి కట్టుబడిన కవి చెమట ఉంది. మొన్నటికి మొన్న, 2015లో, బాహుబలి సినిమాలోని కాలకేయుల కోసం మదన్ కార్కీ కిలికి భాష చేశాడు. దాదాపు 750 మాటలు, 40 వ్యాకరణ సూత్రాలు. నాలుక టకటకలాడుతుంటే చెవితో సగం, కత్తి తిరిగిన దిక్కు చూసి కంటితో సగం అర్థం చేసుకున్నాం. కాలకేయుడికి కూడా సూత్రాలున్నాయి. అత్తరు కాగితానికి ఒక్కటైనా లేదు.

విశేషము. అసలు అత్తరువాళ్లకు సొంత భాష లేకనా? కన్నౌజ్‌లో రాగి డేగ్‌లో పూలు వేసి, అడుగున మంట పెట్టి, వెదురు గొట్టం గుండా ఆవిరిని భప్కా అనే పాత్రలోని గంధపు నూనెలోకి దింపుతారు. కాల్చిన మట్టిని కూడా అట్లాగే దించి, తొలకరి వాసనను సీసాలో పెడతారు. ఎండాకాలం ఖస్, మిట్టీ. చలికాలం షమామా, హినా. దుకాణదారు గాజుపుల్లతో మన చేతి మీద గీస్తాడు, దూదిలో చుక్క వేసి ఫాయా చెవి మడతలో పెట్టుకోమంటాడు. తోలా ఇంత అంటాడు. వ్యాకరణమంతా ఇదే.

గంధం ధర ఆకాశానికి పోయాక చౌక అత్తరు ద్రవ పారఫిన్‌లోకి దిగింది. దాన్ని తప్పు పట్టను, అందరి జేబు ఒకటి కాదు. కాని అది చెప్పాలి. ఒకచోట అడిగాను: "భాయ్, ఇది గంధపు నూనెలో తీసిందా, పారఫిన్‌లోనా?" కౌంటర్ దగ్గరి కుర్రాడు పెట్టె తిప్పి చూసి, "రాయల్ ఫీల్ వస్తది సాబ్" అన్నాడు. మూత తీసి చూపమంటే సీల్ అన్నాడు. వాసన చూడకుండా కొనే అత్తరు! అందుకే కాబోలు కాగితం నిండా చీకటి.

తాత్పర్యము. ఈ సీసాలో ఒక వాసన కలదు. అన్నంభట్టు లెక్కన సురభియే కావచ్చును.

దుకాణాల యజమానులకు మనవి. ఏ పువ్వు, ఏ నూనె, ఎన్ని మిల్లీలీటర్లు, ధర ఎంత — తెలుగులోనూ ఉర్దూలోనూ కంటికి ఆనే అక్షరాల్లో రాయించండి. కొనేముందు ఒక చుక్క చేతి మీద వేయండి. ఇది రాయడానికి ఆ కాగితంలో నాలుగో వంతు చాలు.