జబ్బ చూసి కొనాలి

మా రోజుల్లో బీపీ మిషన్ కోసం దవాఖానకే పోవాలి. ఇనుప పెట్టె మూత ఎత్తితే గాజు గొట్టం నిలబడేది, అందులో పాదరసం. బోధన్‌లో కంపౌండర్ కొలువు చేసినన్నాళ్లూ ఆ పెట్టెను పసిపిల్లను ఎత్తుకున్నట్టు ఎత్తుకుని తిరిగాను. ఇప్పుడు నిజామాబాద్ ఖలీల్‌వాడికి పోయి మెడికల్ షాపులో అడిగితే రకరకాల డబ్బాలు కౌంటర్ మీద పెడతారు. మందుల సంచీతో పాటు మిషన్ డబ్బా కూడా చంకన పెట్టుకుని బస్టాండుకు పోయే పెద్దవాళ్లు కనిపిస్తూనే ఉంటారు.

మిషన్ ఇంటికి రావడం మంచిదే. నా కోపమంతా అమ్మే పద్ధతి మీద, కొనే పద్ధతి మీద. దుకాణంలో ధర చెబుతారు, వారంటీ చెబుతారు, ఫోన్‌కు ఎట్లా కలుస్తుందో చూపిస్తారు. ఎవరి కోసం కొంటున్నారు, ఆ మనిషి జబ్బ ఎంత లావు అని మాత్రం అడగరు.

మేము ముందు చూసేదే అది. చెరకు సీజన్ వచ్చిందంటే మా బోధన్ శక్కర్‌నగర్‌లో నిజాం షుగర్ ఫ్యాక్టరీ ముందు బండ్లు బారులు తీరేవి. 1937లో పెట్టిన ఆ ఫ్యాక్టరీకి ఒకప్పుడు ఆసియాలోనే పెద్దదని పేరు. రాత్రంతా బండి దగ్గర మేలుకున్న రైతు తల తిరుగుతోందని పొద్దున్నే మా దగ్గరికి వచ్చేవాడు. చెరకు కొట్టి, కట్టలు మోసి గట్టిపడ్డ జబ్బ. అతని పక్కన బెంచీ మీద బీడీలు చుట్టే అవ్వ. ఎముక మీద తోలు తప్ప ఏమీ లేని చెయ్యి. ఇద్దరి జబ్బకూ మిషన్‌ది ఒకే పట్టా కడితే డాక్టరు సార్ ఊరుకునేవాడు కాదు. పట్టా లోపల గాలి నిండే తిత్తి జబ్బ చుట్టుకొలతలో కనీసం 80 శాతం చుట్టి రావాలి, దాని వెడల్పు 40 శాతం దాకా ఉండాలి. లావు చేతికి చిన్న పట్టా కడితే లేని బీపీ కనిపిస్తుంది. బక్క చేతికి పెద్ద పట్టా కడితే ఉన్న బీపీ దాక్కుంటుంది.

ఇదేమీ కొత్త సంగతి కాదు. 1896లో ఇటలీ డాక్టరు రివా రోచి చేతికి పట్టా కట్టి పాదరసంతో బీపీ కొలిచే పద్ధతి తెచ్చాడు. ఆయన పట్టా సన్నది, దాంతో అంకెలు ఎక్కువ వచ్చేవి. 1901లోనే జర్మనీ డాక్టరు ఫాన్ రెక్లింగ్‌హౌసెన్ ఆ తప్పు పట్టి వెడల్పాటి పట్టా చేయించాడు. స్టెతస్కోపు పెట్టి చప్పుడు వినడం రష్యా సర్జన్ కొరోట్కాఫ్ 1905లో చెప్పాడు. అంటే చప్పుడు వినడం తెలియకముందే పట్టా కొలత సంగతి తెలిసింది. నూట ఇరవై ఏళ్లు దాటినా అది దుకాణం కౌంటర్ దాకా రాలేదంటే కడుపు మండదా?

ఇప్పుడు డబ్బాతో వచ్చే మామూలు పట్టా ఎక్కువగా 22 నుంచి 32 సెంటీమీటర్ల జబ్బకు సరిపోయేది. ఆ కొలత పట్టా మీదే అచ్చేసి ఉంటుంది. మన బీడీ చుట్టే అవ్వల్లో చాలామంది జబ్బ అంత కూడా ఉండదు. వాళ్లకు చిన్న పట్టా విడిగా అడిగి తెప్పించాలి, అది కూడా అదే కంపెనీది, అదే మోడల్‌కు చెప్పినది. వేరే పట్టా ట్యూబు పట్టినంత మాత్రాన లెక్క సరిగ్గా రాదు.

మా వీధిలో ఒక అక్క ఉంది. కొడుకు దుబాయిలో ఉంటాడు. తల్లి మీద ప్రేమతో ఆన్‌లైన్‌లో మణికట్టు మిషన్ పంపించాడు. ఆమె దాన్ని కట్టుకుని, చెయ్యి ఒళ్లో పెట్టుకుని, వీడియో కాల్‌లో కొడుకుతో మాట్లాడుతూనే బటన్ నొక్కేది. చెయ్యి గుండె కంటే కిందికి ఉంటే అంకె పెరుగుతుంది. మాట్లాడితే ఇంకా పెరుగుతుంది. రోజూ 170 పైనే చూసి ఆ పిల్లగాడు అక్కడ హైరానా పడి గోలీ ఇంకొకటి వేసుకోమన్నాడు. ఒక రాత్రి ఆమె బాత్‌రూముకు లేచి కళ్లు తిరిగి గోడకు పడింది. మర్నాడు నేను జబ్బకు కట్టే మిషన్ పట్టుకుని పోయాను.

"అక్కా, ఫోన్ పక్కకు పెట్టు. అయిదు నిమిషాలు ఏం మాట్లాడకు."

"అయిదు నిమిషాలా తమ్మీ? పొయ్యి మీద అన్నం ఉన్నది."

"పొయ్యి బంద్ చెయ్యి."

కుర్చీలో వీపు ఆనించి, పాదాలు నేల మీద ఆనించి కూర్చోబెట్టాను. రవిక చెయ్యి పైకి జరిపి బట్ట అడ్డం లేకుండా పట్టా కట్టి, చేతి కింద దిండు పెట్టాను. 136 వచ్చింది. డాక్టరు దగ్గరికి తీసుకుపోతే ఆ రెండో గోలీ మాన్పించాడు. గోలీ పెంచాలా తగ్గించాలా అన్నది డాక్టరు చెప్పాల్సిన మాట, వీడియో కాల్‌లో తేలేది కాదు.

ఆ అయిదు నిమిషాలు మా దవాఖానలో బెంచీయే ఇప్పించేది. వంతు వచ్చేదాకా కూర్చోక తప్పదు, దమ్ము సర్దుకునేది. బీడీ తాగి వచ్చినవాడిని, టీ తాగి వచ్చినవాడిని సార్ ఇంకో అరగంట కూర్చోమనేవాడు. ఒంటికి పోయి రమ్మనేవాడు. ఇంట్లో ఎవరూ కూర్చోబెట్టరు. ఇట్ల కట్టు, అట్ల నొక్కు, అయిపోయింది.

అట్లని ఆ రోజులన్నీ మంచివని అనను. బీపీ ఉందన్న సంగతి పక్షవాతం వచ్చి పడితేనే తెలిసేది చాలామందికి. ఎంతమందిని అట్లా మంచం మీద మోసుకొచ్చారో! ఇప్పుడు ఆశా కార్యకర్తలు, ఏఎన్ఎంలు ఊరూరా 30 దాటినవాళ్లందరికీ చూస్తున్నారు. 2017లో దేశంలో బీపీ అదుపు కార్యక్రమం మొదలుపెట్టిన అయిదు రాష్ట్రాల్లో మన తెలంగాణ ఒకటి. పాదరసం పోవడం కూడా మంచిదే, అది విషం. ఇంత దూరం వచ్చి, పట్టా దగ్గర, కుర్చీ దగ్గర చెడగొట్టుకోవడమే నాకు నచ్చనిది.

ఇంకో మాట. చేత్తో చూసేటప్పుడు మేము చప్పుడు వినేవాళ్లం. ఈ మిషన్ వినదు. పట్టాలో గాలి అదురును పట్టి, దాన్నుంచి పై అంకె, కింది అంకె లెక్క కడుతుంది. ఆ లెక్క కట్టే సూత్రం ఒక్కో కంపెనీది ఒక్కో రకం. అందుకే మనుషుల మీద పరీక్షించి సరిగ్గా చూపిస్తుందని తేల్చిన మోడలే కొనాలి. ఆ పరీక్షకు ఐఎస్ఓ 81060-2 అని ప్రమాణం ఉంది. పాసైన మోడళ్ల పేర్లు స్ట్రైడ్ బీపీ వెబ్‌సైటులో దొరుకుతాయి. ఫోన్ పట్టడం తెలిసిన మనవడికి చెబితే క్షణంలో చూసి పెడతాడు. వేలికి పెట్టేవి, ఫోన్ కెమెరా మీద వేలు పెడితే బీపీ చెబుతామనే యాప్‌లు పెద్దవాళ్లకు వద్దే వద్దు. అంకెలు పెద్దగా కనిపించాలి, పాత రీడింగులు గుర్తుంచుకోవాలి, అంతే. మిగతా హంగులకు డబ్బు పెట్టకండి. గుండె లయ తప్పి కొట్టుకునేవాళ్లకు ఈ మిషన్లు నమ్మకంగా చూపించకపోవచ్చు, వాళ్లు డాక్టరును అడిగే కొనాలి. కొన్నాక ఒకసారి దవాఖానకు పట్టుకుపోయి అక్కడి మిషన్‌తో సరిచూసుకోవాలి. మొదటిసారి రెండు చేతులకూ చూసి, ఎక్కువ వచ్చిన చేతికే తర్వాత చూసుకోవాలి.

ఒక్క అంకె చూసి బేజారు కావద్దు. పొద్దున గోలీ వేసుకోకముందు రెండుసార్లు, నిమిషం ఆగి ఆగి. సాయంత్రం మళ్లీ రెండుసార్లు. అట్లా వారం రోజులు నోటుబుక్కులో రాసి, మొదటి రోజువి వదిలేసి, మిగతావాటి సగటు డాక్టరుకు చూపించాలి. బీపీ ఎక్కువని చెప్పే గీత దవాఖానలో 140, 90 అయితే ఇంట్లో 135, 85. ముసలితనంలో లేచి నిలబడగానే బీపీ పడిపోవడం మామూలు. కూర్చుని చూసుకున్నాక, గోడ పట్టుకుని నిలబడి మూడు నిమిషాల లోపల మళ్లీ చూడాలి. పై అంకె 20 పడిపోతే ఆ సంగతి డాక్టరుకు తప్పక చెప్పాలి. రాత్రి పూట పడి తుంటి విరగ్గొట్టుకునేవాళ్లలో ఇది ఉన్నవాళ్లు ఉంటారు.

శక్కర్‌నగర్ షుగర్ ఫ్యాక్టరీ 2015 డిసెంబరులో మూతపడింది. ఆ రోజుల్లో మా బెంచీ మీద కూర్చున్న వయసువాళ్లే ఇప్పుడు కర్ర పట్టుకుని దుకాణాలకు వస్తున్నారు. మెడికల్ షాపుల తమ్ముళ్లను నేను అడిగేది ఒక్కటే: దర్జీ దగ్గర ఉండే టేపు ఒకటి కౌంటర్ మీద పెట్టుకోండి. భుజానికీ మోచేతికీ నడిమధ్యన జబ్బ కొలిచి, తర్వాత డబ్బా విప్పండి.