సినిమాలు ఊరికే రావు, మంత్రిగారూ!

సినిమాటోగ్రఫీ శాఖ మంత్రిగారికి బందరు, గుడివాడ, దివిసీమల్లో సినిమా 'ఊరికే' చూసేవాళ్ల తరఫున నమస్కరించి రాయునది.

తెలుగు సినిమా పితామహుడు రఘుపతి వెంకయ్య మా బందరులో పుట్టారు. ఎన్టీఆర్‌ది నిమ్మకూరు, ఏఎన్నార్‌ది రామాపురం. దొంగ సినిమా చరిత్రలోనూ మా జిల్లా వెనకబడలేదు లెండి. 2013 సెప్టెంబరులో 'అత్తారింటికి దారేది' విడుదలకు ముందే గంటన్నర మేర బయటికి పొక్కింది. బందరు పక్కనున్న పెడనలో దాని సీడీ 50 రూపాయలకు దొరికింది. పోలీసులు తీగ లాగితే సినిమా యూనిట్‌లోని మనిషి దగ్గర డొంక కదిలింది. మధ్యలో ఓ కానిస్టేబులూ తగిలాడు. "అయినా ఆడింది కదా" అంటారు. ఆడింది. పొక్కింది సగమే, పైగా అక్టోబరు 9న రావలసిన బొమ్మను సెప్టెంబరు 27కే హడావిడిగా దింపారు. ఇప్పుడు మొదటి ఆట రోజే మొత్తం ఫోన్లోకి వస్తోంది.

పెడన వ్యాపారం సూటిగా ఉండేది: డబ్బిస్తే డిస్కు. నేటి పైరసీ సైటు రూపాయి అడగదు, అందుకే భయపడాలి. 2025 నవంబరులో అలాంటి సైటే అయిన ఐబొమ్మను నడిపాడన్న ఆరోపణపై ఒకరిని అరెస్టు చేసిన హైదరాబాద్ పోలీసులు, సైటుకు బెట్టింగ్ యాప్‌ల నుంచి డబ్బు వచ్చిందన్నారు. ఇలాంటి సైట్లలో ప్లే నొక్కితే ముందు సినిమా రాదు, బోనస్ ఇస్తామనే జూదం పేజీ వస్తుంది. అది మూస్తే ఇంకొకటి. తర్వాత "ఈ ఏపీకే వేసుకోండి" అంటుంది. దానికి మెసేజ్‌లు చదివే అనుమతిచ్చామా, ఓటీపీలు మోసగాడి చేతికి చిక్కినట్టే. సినిమా ఎర, నాగాయలంక కుర్రాడు చేప. సైటు మూయిస్తే పేరులో ఒక అక్షరం మార్చుకుని మర్నాడే వస్తుంది. ఆన్‌లైన్ జూదాన్ని మన రాష్ట్రం 2020లోనే నిషేధించింది. అదే జూదం ఇలా దొడ్డిదారిన ఇంట్లోకొస్తోంది.

"టికెట్టు కొనగలిగితే ఆ సైటు జోలికెందుకు పోతాం?" అంటే మీ దగ్గర జవాబుందా? 'ఓజీ' బెనిఫిట్ షోకు 1000 రూపాయల టికెట్టు పెట్టుకోమన్నది మీ ప్రభుత్వమే. ఆ ధర మీద కోపం న్యాయమైనదే, కానీ దాన్ని తీర్చుకునే చోటు ఆ సైటు కాదు. షో మానేస్తే పోయేదేమీ లేదు, ఖాతా ఖాళీ అయితే ఆ నెల గడవదు. నిర్మాత నష్టం గురించి ఎంత చెప్పినా, హీరో పారితోషికం తెలిసిన జనం కరగరు. 2023 చట్ట సవరణ థియేటర్లో రికార్డు చేసేవాడికి మూడేళ్ల దాకా జైలన్నది. మంచిదే. సైటుకు డబ్బిచ్చే బెట్టింగ్ కంపెనీ మాటేమిటి? కాబట్టి తర్వాతి రేట్ల జీవో మీద సంతకం పెట్టేముందు, బెట్టింగ్ సొమ్ము జమయ్యే ఖాతాలను స్తంభింపజేయమని హోంశాఖకు ఒక్క ఉత్తరం రాయండి.